ప్యారడైజ్ రోడ్, మహిళా నిర్బంధ శిబిరాల యుద్ధ చిత్రాలు

'ప్యారడైజ్ రోడ్' ఆస్ట్రేలియా దర్శకుడు బ్రూస్ బెరెస్‌ఫోర్డ్ తీసిన చిత్రం, 1997లో విడుదలైంది. సింగపూర్ పతనమైనప్పుడు జపాన్ సైన్యానికి చిక్కి, సుమత్రా దీవిలో మూడున్నరేళ్లు బందీలుగా గడిపిన బ్రిటిష్, డచ్, ఆస్ట్రేలియన్ స్త్రీల కథ ఇది. గ్లెన్ క్లోజ్, పాలిన్ కాలిన్స్, ఫ్రాన్సెస్ మెక్‌డోర్మండ్, జెనిఫర్ ఏలీ, జూలియానా మార్గులీస్, అప్పటికింకా పెద్దగా పేరు రాని కేట్ బ్లాంచెట్ ఇందులో నటించారు. స్త్రీల శిబిరాల మీద యుద్ధ చిత్రాలు 1940ల నుంచీ వస్తూనే ఉన్నాయి. వాటిని 'ఆత్మబలం గెలిచిన కథలు', 'పాట ప్రాణం పోసిన కథలు' అని పరిచయం చేయడం పరిపాటి. ఆ పరిచయం వినడానికి బాగుంటుంది కానీ నిలవదు. ఈ చిత్రాల అసలు వస్తువు పని. నీళ్లు మోయడం, బియ్యంలో రాళ్లేరడం, మరుగుదొడ్లు ఎత్తడం, రోగుల్ని చూసుకోవడం, గోతులు తవ్వి తోటివాళ్లను పూడ్చడం. ఆ పనిని దగ్గర నుంచి చూపినంత మేరా ఈ చిత్రాలు నమ్మదగినవిగా ఉన్నాయి. మగ ఖైదీల సినిమాల నుంచి సన్నివేశాలు అరువు తెచ్చుకున్న చోట పలచబడ్డాయి. ఎవరి పనికి కాగితం మీద ఆనవాలు మిగిలిందో వాళ్ల కథే తెరకెక్కింది అన్నది దీనికి అనుబంధమైన మరో సంగతి.

ముందు చరిత్ర. సింగపూర్ 1942 ఫిబ్రవరి 15న లొంగిపోయింది. అంతకు మూడు రోజుల ముందు 'వైనర్ బ్రూక్' అనే ఓడ కిక్కిరిసిన పౌరులతో, 65 మంది ఆస్ట్రేలియన్ సైనిక నర్సులతో రేవు వదిలింది. 14న బంకా జలసంధిలో జపాన్ విమానాలు దాన్ని ముంచేశాయి. నర్సుల్లో 12 మంది నీళ్లలోనే పోయారు. బంకా దీవిలో రాడ్జీ తీరానికి చేరిన 22 మందిని 16న సైనికులు సముద్రంలోకి నడిపించి వెనక నుంచి కాల్చారు. వివియన్ బుల్‌వింకెల్ ఒక్కరే బతికారు. ఆమెతో కలిపి 32 మంది శిబిరాలకు చేరారు. వారిలో ఎనిమిది మంది అక్కడే చనిపోయారు, 24 మంది ఇల్లు చేరారు. ఈ నర్సులు పెద్ద సమూహంలో ఒక చిన్న భాగం మాత్రమే. ఆసియాలో జపాన్ నిర్బంధించిన పాశ్చాత్య పౌరులు సుమారు 1,30,000 మంది అని అంచనా. అందులో లక్షకు పైగా అప్పటి డచ్ ఈస్ట్ ఇండీస్‌లో, అంటే ఇప్పటి ఇండోనేషియాలో ఉన్నవారే. బెరెస్‌ఫోర్డ్ సినిమా సింగపూర్‌లోని రాఫెల్స్ హోటల్లో నాట్యగోష్ఠితో మొదలవుతుంది. శత్రువును చులకన చేసే కబుర్లు ఇంకా సాగుతుండగానే బాంబులు పడతాయి. నౌకర్లు లేకుండా పూట గడవని ఇల్లాళ్లు కొద్ది రోజుల్లోనే బురదలో వరుస కట్టి నిలబడతారు. ఆ కుటుంబాలు ఎంత ఎత్తు నుంచి పడ్డాయో సినిమా పది నిమిషాల్లోపే చెప్పేస్తుంది. ఈ తొందర మెచ్చుకోదగ్గది.

బందీలను మొదట బంకా దీవిలోని ముంతోక్‌లో ఉంచారు. తర్వాత సుమత్రాలోని పాలెంబాంగ్‌లో డచ్ వాళ్లు వదిలి వెళ్లిన ఇళ్లలో కుక్కారు. 1943 సెప్టెంబరులో అదే ఊళ్లో అంతకు ముందు మగ బందీలు ఉన్న తాటాకు పాకల్లోకి మార్చారు. తమ తర్వాత జపాన్ సైనికులు దిగుతారనుకుని మగవాళ్లు ఆ చోటును వీలైనంత పాడుచేసి వెళ్లారు. వచ్చింది వాళ్ల భార్యాపిల్లలు! 1944 చివర మళ్లీ ముంతోక్‌కు, 1945 ఏప్రిల్లో సుమత్రా లోపలి బెలలావు రబ్బరు తోటకు తరలించారు. సినిమా ఈ తిరుగుళ్లన్నింటినీ కుదించేసింది. కథా సౌలభ్యం కోసం అది తప్పదు కానీ, ఒక నష్టం జరిగింది. ప్రతి తరలింపులోనూ అంతవరకు కూడబెట్టుకున్న చిన్నపాటి వసతి, పెంచుకున్న కూరపాదు, కట్టుకున్న పొయ్యి పోయేవి. కొత్త చోట మళ్లీ మొదటి నుంచి కట్టుకోవాలి. ఒంట్లో శక్తి తగ్గేకొద్దీ పని పెరిగేది. చావులు ఎక్కువగా చివరి ఏడాదిలోనే ఎందుకు వచ్చాయో ఇది అర్థమైతేనే తెలుస్తుంది. శిబిరాల్లో పోయిన ఎనిమిది మంది నర్సులూ 1945లోనే పోయారు. తుపాకి కాల్పులకు కాదు, మలేరియాకు, బెరిబెరికి, విరేచనాలకు, ఆకలికి. ఆఖరి నర్సు ఆగస్టు 18న కన్నుమూశారు. జపాన్ లొంగుబాటు ప్రకటించి అప్పటికి మూడు రోజులైంది. ఆ కబురు శిబిరానికి తెలిసింది మాత్రం 24న.

సినిమాకు కేంద్రమైన గాయక బృందం నిజంగా ఉండేది. లండన్ రాయల్ అకాడమీ ఆఫ్ మ్యూజిక్‌లో చదివిన నోరా ఛేంబర్స్, సింగపూర్‌లో పనిచేసిన ఆంగ్ల మిషనరీ మార్గరెట్ డ్రైబర్గ్ దాన్ని నిర్మించారు. సినిమాలో వీరికి ఏడ్రియెన్ పార్గిటర్, మార్గరెట్ డ్రమ్మండ్ అని పేర్లు మార్చారు. వాద్యాలు లేవు, స్వరలిపి పుస్తకాలు లేవు. డ్రైబర్గ్‌కు ఉన్నది జ్ఞాపకశక్తి. వాద్యబృందాల కోసం, పియానో కోసం రాసిన కృతులను ఆమె గుర్తు తెచ్చుకుని, దొరికిన కాగితం ముక్కల మీద నాలుగు స్త్రీ గొంతులకు పంచి రాశారు. ద్వోర్జాక్ 'న్యూ వరల్డ్' సింఫనీలోని లార్గో భాగంలో వయొలిన్లు చేసే పనిని పై గొంతులు, అడుగున మోగే వాద్యాల పనిని కింది గొంతులు తీసుకున్నాయి. పాటకు మాటలు లేవు, ఉత్త అక్షరధ్వనులే. ఇంగ్లీషు స్త్రీలకు డచ్ రాదు, డచ్ స్త్రీలలో చాలామందికి ఇంగ్లీషు అంతంతమాత్రం. మాటల్లేని పాట కాబట్టి ఆ అడ్డు తొలగింది. మొదటి కచేరీ 1943 డిసెంబరు 27న, పాలెంబాంగ్ పాకల మధ్య జరిగింది. గాయనులు ముప్పై మంది దాకా ఉన్నారు. నిలబడి పాడే ఓపిక లేక కూర్చునే పాడారు. గుంపులు కూడకూడదన్న ఆంక్ష ఉంది కనుక ఒక కాపలావాడు బాయ్‌నెట్ తుపాకితో అరుస్తూ వచ్చాడు, వచ్చి ఆగిపోయి విన్నాడు. సినిమా ఈ ఘట్టాన్ని విస్తరించి తీసింది. పరుగెత్తుకొచ్చే బూట్లు నెమ్మదిస్తాయి, కెమెరా గాయనుల ముఖాల మీద తీరుబడిగా నిలుస్తుంది. మనకు వినిపించేది హాలండ్‌లోని హార్లెం నగర మహిళా బృందం గొంతు, వాళ్లు పాడింది డ్రైబర్గ్, ఛేంబర్స్ కూర్చిన స్వరాలనే.

ఈ ఘట్టం చూసి బయటికి వచ్చిన ప్రేక్షకుడు 'పాట వాళ్లను బతికించింది' అనుకోవడం సహజం. లెక్కలు మాత్రం ఆ మాటకు ఎదురు తిరుగుతాయి. బృందంలో దాదాపు సగం మంది యుద్ధం ముగిసేలోపే చనిపోయారు. డ్రైబర్గ్ 1945 ఏప్రిల్ 21న, బెలలావుకు తరలించిన కొద్ది రోజులకే పోయారు. పాడేవాళ్లు కరువై కచేరీలు అంతకు ముందే ఆగిపోయాయి. దీని పక్కన ఇంకో మహిళా సంగీత బృందాన్ని పెట్టి చూడాలి. ఆష్విట్స్-బిర్కెనౌ నాజీ శిబిరంలో 1943లో ఎస్ఎస్ అధికారులే స్త్రీలతో ఒక వాద్యబృందం ఏర్పాటు చేయించారు. సంగీతకర్త గుస్తావ్ మాలర్ మేనకోడలు ఆల్మా రోజే దానికి కొంతకాలం నాయకత్వం వహించి 1944 ఏప్రిల్లో మరణించారు. పనికి వెళ్లే, పని నుంచి వచ్చే ఖైదీల వరుసలకు అడుగు కుదిరేలా కవాతు సంగీతం వాయించడం వాళ్ల రోజువారీ విధి. అది హంతకుల ఆజ్ఞ మీద నడిచిన సంగీతం. అయినా ఆ బృందంలోని స్త్రీలలో అత్యధికులు బతికి బయటపడ్డారు. వాయించినందుకు వాళ్లకు వేరే పాక, కాస్త మెరుగైన బట్ట, బయటి పని నుంచి మినహాయింపు దక్కాయి. సుమత్రాలో ఎవరి బలవంతమూ లేకుండా పాడినవాళ్లలో సగం మంది పోయారు. బిర్కెనౌలో బలవంతాన వాయించినవాళ్లలో అత్యధికులు బతికారు. రెండు చోట్లా ప్రాణం నిలిపింది, తీసింది తిండి, మందు, పని భారమే. సంగీతం మహిమ ఈ రెండింటి మధ్య తేడాను వివరించలేదు.

మరైతే సుమత్రా స్త్రీలు ఎందుకు పాడారు, సినిమా ఎందుకు దాన్నే కేంద్రం చేసుకుంది అన్న ప్రశ్న వస్తుంది. ఆ బృందం కూడా శిబిరంలోని పనుల్లో ఒకటి. దానికీ వంతులున్నాయి, అభ్యాస వేళలున్నాయి, కాగితం సంపాదించే బాధ్యత ఉంది, తప్పు పాడితే సరిదిద్దే అధికారం ఉంది. మిగతా పనులన్నీ వాళ్ల మీద పడ్డవి, ఇది మాత్రం కావాలని నెత్తికెత్తుకున్నది. డచ్, ఇంగ్లీషు పాకల మధ్య సబ్బు దగ్గర, పొయ్యి దగ్గర రేగిన తగవుల్ని సినిమా దాచలేదు. ఎలిజబెత్ స్ప్రిగ్స్ నటించిన శ్రీమతి రాబర్ట్స్ శిబిరంలోనూ తన అంతస్తు వదులుకోదు. అలాంటి చోట ముప్పై మంది ఒకే తాళానికి ఒదగడం శ్రమతో కూడిన వ్యవహారమని సినిమా సాధన దృశ్యాల్లో చూపుతుంది. కాబట్టి సినిమాలో మెచ్చవలసింది కచేరీ కాదు, కచేరీకి ముందున్న అభ్యాసం, తర్వాత వచ్చిన ఖాళీ. గాయనులు ఒక్కొక్కరే తగ్గిపోవడం, శవపేటికలు మోసేవాళ్లే మిగలడం బెరెస్‌ఫోర్డ్ చూపించాడు. సినిమా కష్టాన్ని తియ్యబరిచిందని అన్న విమర్శకులు ఈ రెండో భాగాన్ని లెక్కలోకి తీసుకోలేదనిపిస్తుంది. ఖైదులో పాట పుట్టడమే తీపి అనుకోనక్కర్లేదు కూడా. రావెన్స్‌బ్రూక్ మహిళా శిబిరంలో ఫ్రెంచ్ మానవశాస్త్రజ్ఞురాలు జెర్మేన్ తియ్యాఁ 1944లో పెట్టెలో దాక్కుని ఒక గేయనాటిక రాశారు. అది శిబిర జీవితాన్ని వెక్కిరించే హాస్యనాటిక. 2007లో పారిస్‌లో ప్రదర్శించారు.

'ప్యారడైజ్ రోడ్' బలహీనపడింది మరోచోట. పౌలిన్ చాన్ నటించిన వింగ్ అనే చైనా స్త్రీ మందులు దొంగచాటుగా తెప్పించి పట్టుబడితే, ఆమె మీద పెట్రోలు పోసి అందరి ముందూ తగలబెడతారు. బ్లాంచెట్ పాత్ర ఎండలో మేకుల మధ్య మోకాళ్ల మీద కూర్చోవలసి వస్తుంది. మగ ఖైదీల సినిమాల్లో ఇలాంటి ఘట్టాలకు పని ఉంటుంది. 1957 నాటి 'ది బ్రిడ్జ్ ఆన్ ది రివర్ క్వాయ్'లో వంతెన కట్టడం, కూల్చడం ఉన్నాయి. 1963 నాటి 'ది గ్రేట్ ఎస్కేప్'లో సొరంగం ఉంది. అక్కడ కథకు ఒక పథకం ఉంది కనుక హింస ఆ పథకానికి ఎదురయ్యే అడ్డంకి. స్త్రీల శిబిరంలో పారిపోయే పథకం లేదు. చుట్టూ అడవి, సముద్రం, చంకలో పసిబిడ్డ. పథకం లేని చోట హింసను పెద్ద దృశ్యంగా మలిస్తే అది ప్రేక్షకుణ్ణి ఉలిక్కిపడేలా చేసే సాధనంగా మిగులుతుంది. పైగా సినిమాలో కాస్త పొడవైన పాత్ర దక్కిన ఒకే ఒక్క ఆసియా స్త్రీని కాల్చడానికే తెచ్చినట్టుంది. మందుల రహస్య రవాణా నిజంగా జరిగింది. దాని తీరు వేరు. పాలెంబాంగ్‌లో డచ్ సన్యాసినులు నడిపిన చారితాస్ ఆసుపత్రి స్త్రీల శిబిరానికీ మగవాళ్ల శిబిరానికీ మధ్య కబుర్లు, మందులు చేరవేసే దారిగా ఉండేది. 1943లో దాన్ని మూసేసి, అధిపతి మదర్ అలకోక్‌ను సైనిక పోలీసులు జైలుకు పంపారు. రోగిని ఆసుపత్రికి పంపే వంకతో ఉత్తరం పంపడం, నర్సు పరుపు కింద మాత్రలు దాచడం లాంటి పనులు మంటల కంటే నెమ్మదైనవే. ఆ నెమ్మదిలోనే ఈ కోవకు సొంతమైన ఉత్కంఠ ఉంది.

అరువు సన్నివేశాల బెడద ఈ ఒక్క సినిమాది కాదు. వాండా యాకుబోవ్స్కా స్వయంగా ఆష్విట్స్‌లో, రావెన్స్‌బ్రూక్‌లో ఖైదీగా ఉండి బయటపడిన పోలిష్ దర్శకురాలు. తోటి ఖైదీ గెర్డా ష్నైడర్‌తో కలిసి కథ రాసి, బిర్కెనౌ శిబిర స్థలంలోనే 'ది లాస్ట్ స్టేజ్' తీసి 1948లో విడుదల చేశారు. హాజరు పట్టీ కోసం బురదలో నిలబడ్డ స్త్రీల వరుసలు, కాన్పు అయిన తల్లిని తోటివాళ్లు కాచుకోవడం, ఆ పసికందును శిబిర వైద్యుడు సూదిమందుతో చంపడం లాంటి ఘట్టాల ముందు తర్వాత వచ్చిన ఏ సినిమా అయినా చిన్నబోతుంది. అదే సినిమా చివర ఉరికంబం మీద నాయిక ప్రసంగం, ఆకాశంలో విమానాలు వస్తాయి. అక్కడ శిబిరం మాయమై ప్రచార చిత్రం మొదలవుతుంది. ఇటలీ దర్శకుడు జిల్లో పొంటెకోర్వో 'కాపో' (1960)లో ఎమాన్యుయేల్ రివా పాత్ర విద్యుత్ కంచె మీద పడి చనిపోతుంది. కెమెరా ముందుకు కదిలి ఆ శవాన్ని అందమైన చట్రంలో బిగిస్తుంది. ఆ ఒక్క కదలిక మీద ఫ్రెంచ్ విమర్శకుడు జాక్ రివెట్ 1961లో రాసిన నిరసన సినిమా విమర్శలో ఇప్పటికీ చర్చకు వస్తుంది. మరణాన్ని అలంకరించడం నైతిక దోషమని ఆయన వాదన. తప్పు పట్టవలసింది కెమెరా కదలికను మాత్రమే కాదేమో. చావును శిఖరంగా చేసుకున్న కథా నిర్మాణమే ఆ కదలికను కోరుకుంది.

జపాన్ శిబిరాల చిత్రాలకు మూలపురుషుడి లాంటిది 1950లో జీన్ నెగులెస్కో తీసిన 'త్రీ కేమ్ హోమ్'. ఉత్తర బోర్నియోలో పట్టుబడి, కూచింగ్ దగ్గరి బటు లింటాంగ్ శిబిరంలో కొడుకుతో గడిపిన అమెరికన్ రచయిత్రి ఆగ్నెస్ న్యూటన్ కీత్ 1947లో ప్రచురించిన ఆత్మకథకు అది తెర రూపం. శిబిరంలో ఆమె కాగితం ముక్కల మీద రాసుకుని వాటిని డబ్బాల్లో, కొడుకు బొమ్మల్లో దాచారు. సినిమాలో అన్నిటి కంటే బలమైన భాగం బాంబులది కాదు, ఫిర్యాదుది. ఒక కాపలావాడు తన మీద దౌర్జన్యానికి దిగాడని ఆగ్నెస్ చెబుతుంది. అబద్ధం చెప్పానని సంతకం చేయమని అధికారులు ఆమెను కొడతారు. దెబ్బలు తగిలిన ఒంటితోనే, ఎవరికీ తెలియనివ్వకుండా మర్నాడు పనికి వెళ్లాలి. క్లాడెట్ కోల్బెర్ట్ నటన ఆ మర్నాటి పని మీదే నిలిచింది. 1956 నాటి 'ఎ టౌన్ లైక్ ఆలిస్' నెవిల్ షూట్ నవలకు అనుసరణ. మలయా దారుల వెంట శిబిరం నుంచి శిబిరానికి నడిపించిన స్త్రీల కథ అది. సుమత్రాలో డచ్ స్త్రీలు అలా నడిచారన్న నమ్మకంతో షూట్ నవల రాశాడు. నిజానికి వాళ్లను వాహనాల్లో తరలించారు. నడక కల్పితమే అయినా, ఆ కథలో మంచి ఆలోచన ఒకటి ఉంది. ఊరి పెద్దను బతిమాలి, వరి పొలాల్లో పనిచేస్తామని ఒప్పుకుని, ఆ కూలి మీద స్త్రీలు ఒక పల్లెలో నిలదొక్కుకుంటారు. వాళ్ల ప్రాణాలు నిలిపింది మలయా పల్లె ఆడవాళ్ల పక్కన వంగి చేసిన నాట్లు.

ఇక్కడ ఒక అభ్యంతరం వస్తుంది. రోజూ ఒకే పని, ఒకే ఆకలి అయితే సినిమా ఎలా నడుస్తుంది, చూసేవాళ్లకు విసుగు రాదా అని. 'ప్యారడైజ్ రోడ్' విడుదలైనప్పుడు కొందరు సమీక్షకులు కథకు ఊపు లేదని అన్నారు. సినిమా వసూళ్లూ అంతంతమాత్రమే. అభ్యంతరంలో నిజం లేకపోలేదు. రెండు గంటల నిడివి ఈ వస్తువుకు బాగా ఇరుకు. దానికి సమాధానం బీబీసీ ధారావాహిక 'టెంకో' ఇచ్చింది. సింగపూర్ నుంచి పారిపోతూ ఓడ మునిగి, తెప్ప మీద కొట్టుకుపోయి ప్రాణాలతో మిగిలిన బ్రిటిష్ నర్సు మార్గో టర్నర్ జీవితాన్ని టీవీ కార్యక్రమం కోసం పరిశోధిస్తున్న లవీనియా వార్నర్‌కు ఆ ఆలోచన వచ్చింది. 1981 నుంచి 1984 దాకా మూడు విడతలుగా ప్రసారమైంది. శిబిరంలో హాజరు పిలుపే పేరుగా పెట్టుకున్న ఆ ధారావాహికలో సొరంగాలు లేవు. వంటగది ఎవరి చేతిలో ఉండాలి, క్వినైన్ ఎవరికి ముందు ఇవ్వాలి, అధికారి దగ్గరికి వెళ్లి తిండి తెచ్చుకునే అమ్మాయిని వెలివేయాలా వద్దా అన్న వాదాలే కథ. బ్రిటన్ ప్రేక్షకులు దాన్ని వారం వారం ఎదురుచూసి చూశారు. విసుగు పనిలో లేదు, పనిని తొందరగా దాటేయడంలో ఉంది. అమెరికాకు ఈ విషయంలో మంచి వస్తువే దొరికింది. ఫిలిప్పీన్స్‌లో బందీలైన 77 మంది సైనిక, నౌకాదళ నర్సులు మూడేళ్లు ఖైదులోనే ఆసుపత్రి నడిపి, అందరూ ప్రాణాలతో తిరిగొచ్చారు. ఒక్కరూ పోకపోవడానికి క్రమశిక్షణగా పంచుకున్న విధులే కారణమని వాళ్ల చరిత్రకారులు చెబుతారు. వాళ్ల మీద వచ్చిన 1986 నాటి టీవీ సినిమా 'విమెన్ ఆఫ్ వేలర్' ఆ క్రమశిక్షణను వదిలి క్రూరత్వం వెంట పోయింది.

రెండో అభ్యంతరం మరీ బరువైనది. పని, పని అంటూ ఉంటే స్త్రీల మీద జరిగిన లైంగిక హింస పక్కకు పోదా? ఈ కోవ సినిమాలు దాన్ని దాటవేశాయన్నది నిజం. పాలెంబాంగ్‌లో అధికారుల క్లబ్‌కు రమ్మని నర్సులపై ఒత్తిడి వచ్చిన సంగతి వాళ్ల జ్ఞాపకాల్లో ఉంది. వాళ్లు మాసిన బట్టలతో, మట్టి ముఖాలతో వెళ్లి నిరాకరించారు. బెరెస్‌ఫోర్డ్ సినిమాలో ఆ ఘట్టం ఎంపికలా కనిపిస్తుంది. తిండి, సబ్బు, మంచం కావలసినవాళ్లు వెళ్లవచ్చు, వద్దన్నవాళ్లు ఉండవచ్చు. జావాలో అలాంటి ఎంపిక లేదు. 1944లో సెమరాంగ్ పరిసరాల శిబిరాల నుంచి డచ్ యువతులను బలవంతంగా వేశ్యాగృహాలకు తరలించారు. వారిలో ఒకరైన యాన్ రఫ్ ఓహెర్న్ 1992లో బహిరంగంగా సాక్ష్యం చెప్పారు. సినిమా వచ్చేనాటికి ఆమె ఆస్ట్రేలియాలోనే ఉన్నారు, పుస్తకం కూడా అచ్చయింది. రాడ్జీ తీరపు హత్యాకాండ సినిమాలో లేనే లేదు. కాల్చడానికి ముందు ఆ నర్సుల మీద అత్యాచారం జరిగిందని, ఆ సంగతి చెప్పవద్దని బుల్‌వింకెల్‌ను ఆమె దేశపు అధికారులే కట్టడి చేశారని చరిత్రకారిణి లినెట్ సిల్వర్ తదితరులు తర్వాతి కాలంలో ఆధారాలతో వాదించారు. ఈ మౌనాన్ని పని మీద దృష్టి సృష్టించలేదు. నిజానికి మౌనం కాపాడుకోవడం కూడా శిబిరంలో స్త్రీలు మోసిన పనుల్లో ఒకటి. బుల్‌వింకెల్ సాక్షి అని తెలిస్తే చంపేస్తారు కనుక తోటి నర్సులు మూడున్నరేళ్లు ఆ రహస్యం దాచారు. తూటా దూసుకుపోయిన యూనిఫారమ్ చిల్లు కనబడకుండా ఆమె దాని మీదుగా నీళ్ల సీసా తగిలించుకున్నారు. 1946లో టోక్యో న్యాయస్థానంలో ఆమె సాక్ష్యం చెప్పారు. ఈ రహస్య పోషణ ఒక్కటి చాలు ఒక సినిమాకు. అది ఎవరూ తీయకపోవడం ఆశ్చర్యమే.

జపాన్ వాళ్లను రాక్షసులుగా చూపారన్న ఆక్షేపణకు ఇక్కడ పెద్ద చర్చ అవసరం లేదు. 'త్రీ కేమ్ హోమ్'లో సెస్సూ హయకవా నటించిన కర్నల్ సుగా, 'ప్యారడైజ్ రోడ్'లో క్లైడ్ కుసాట్సు నటించిన సార్జెంట్ టోమియాషి ఏకముఖ పాత్రలు కావు. పాశ్చాత్య సినిమాలు ఆ మాత్రం జాగ్రత్త పడ్డాయి.

జాగ్రత్త పడనిది ఇంకొక చోట. ఈ సినిమాలన్నింటి వెనకా కాగితం ఉంది. బెట్టీ జెఫ్రీ దొంగచాటుగా రాసిన డైరీ 'వైట్ కూలీస్'గా 1954లో అచ్చయింది. డ్రైబర్గ్ స్వరలిపి ప్రతులను దాచుకున్న డచ్ కుటుంబం 1980లో స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయానికి ఇచ్చింది. అక్కడి నుంచి ఒక డాక్యుమెంటరీ, హెలెన్ కొలీన్ పుస్తకం, ఆ తర్వాత సినిమా వచ్చాయి. చదువు, పెన్సిలు, యుద్ధం తర్వాత వినే ప్రచురణకర్త ఉన్నవాళ్ల కథలివి. అదే జపాన్ సైన్యం కింద, అదే ఏళ్లలో బర్మా రైలుమార్గం మీద యుద్ధ ఖైదీల కంటే కొన్ని రెట్లు ఎక్కువగా ఆసియా కూలీలు పనిచేశారు. వారిలో దాదాపు 90,000 మంది చనిపోయారని అంచనా. మలయా రబ్బరు, కొబ్బరి తోటల నుంచి తీసుకుపోయిన తమిళులు వారిలో పెద్ద సంఖ్యలో ఉన్నారు, తెలుగువాళ్లూ ఉన్నారు. ఉత్తరాంధ్ర, గోదావరి జిల్లాల నుంచి వలసపోయి దిగువ పేరాక్ వంటి చోట్ల స్థిరపడ్డ కుటుంబాలవి. మగవాళ్లు రైలు పనికి పోయాక తోటల్లో మిగిలిన ఆడవాళ్లు రబ్బరు చెట్ల మధ్య కర్రపెండలం వేసి పిల్లల్ని సాకారు. వాళ్ల చుట్టూ ముళ్లకంచె లేదు కాబట్టి 'శిబిరం' అన్న నిర్వచనంలోకి రారు. వాళ్లు డైరీ రాయలేదు కాబట్టి సినిమాలోకీ రాలేదు. రెండవ ప్రపంచ యుద్ధాన్ని ముట్టుకున్న అరుదైన తెలుగు చిత్రం 'కంచె' (2015) కూడా కథను ఇటలీ రణరంగానికే తీసుకుపోయింది.

డైరీ లేకపోతే సినిమా అసాధ్యమన్న వాదాన్ని కొరియా వాళ్లు ఇప్పటికే పూర్వపక్షం చేశారు. జపాన్ సైన్యం లైంగిక బానిసత్వంలోకి నెట్టిన కొరియన్ స్త్రీలలో ఎక్కువమంది పల్లెటూరి పేద అమ్మాయిలు. 1991లో కిమ్ హక్-సున్ పేరు దాచుకోకుండా మాట్లాడాక మిగతావాళ్లూ నోరు విప్పారు. దర్శకురాలు బ్యున్ యంగ్-జూ వాళ్ల ముసలితనపు మాటల్ని, వంటను, పోట్లాటల్ని 1995 నుంచి మూడు డాక్యుమెంటరీలుగా తీశారు. చో జంగ్-రే తీసిన 'స్పిరిట్స్ హోమ్‌కమింగ్' 75,000 మందికి పైగా పౌరుల చందాలతో పూర్తయి 2016లో విడుదలైంది. అక్కడ ఆధారం కాగితం కాదు, గొంతు. మలయా తోటల తరానికి ఆ అవకాశం దాదాపు మించిపోయింది. నాటి పిల్లలకు ఇప్పుడు ఎనభై దాటాయి. ఇక మిగిలినవి తోటల హాజరు పుస్తకాలు, కూలి రికార్డులు, ఆ కుటుంబాల్లో చెప్పుకునే మాటలు. ఎవరు ఏ రోజు పనికి వచ్చారు, ఎవరి పేరు ఏ నెల నుంచి కనబడదు అన్న వివరాలు ఆ పుస్తకాల్లో దొరుకుతాయి. శిబిరంలో పనిని కథగా మలచడం 'టెంకో'కు సాధ్యమైనప్పుడు, వీటితో ఒక సినిమా కట్టడం అసాధ్యమేమీ కాదు.